మార్కర్ వాసన, పాత సాక్సు

ఇవాళ బస్టాండు ముందు దుకాణంలో మార్కర్ మూత తీయగానే, ఆ వాసనలో మన ఆరో తరగతి మెల్లగా తేలి వచ్చింది. గుర్తుందా దోస్తులారా? జట్టుకొక చిన్న తెల్లబోర్డు, తుడవడానికి పాత సాక్సు. లెక్క వచ్చినవాళ్లు చెప్పాలి, రానివాళ్లే రాయాలి. అదీ లెక్కల మేడమ్ నియమం.

ఇంకోసారి లెక్క తప్పితే బడే మానేద్దామనుకున్న నేను, సగానికి పావు కలిపి ఆరింట రెండు వంతులని రాశాను.

కిటికీ బయట చెరుకు లారీ పోతోంది. మా జట్టు షబానా అటు చూపించింది.

“సగం గడకు పావు గడ కలిపితే సగంకన్న తక్కువెట్లయితదిరా?”

“ముప్పావు గదా!”

“మరి గదే రాయి. జర సాక్సు అందుకో.”

తుడిచాను. తప్పు ఆనవాలే లేదు.

పిల్లలకు తప్పు చేసే హక్కుండాలని నేనిప్పటికీ అందరితో కొట్లాడతాను. ఆ హక్కు మొదట నా చేతికొచ్చింది ఒక పాత సాక్సు రూపంలోనే.