ఫ్రిజ్‌లో ఫిల్ము డబ్బా

మా ఇంట్లో ఫ్రిజ్ పేరుకే నాది. అందులో మంచి చోటంతా మా ఆయన ఫిల్ము డబ్బాదే. పక్కన పెరుగుగిన్నె పెట్టినా మహిపాల్ ముఖం మాడ్చుకునేవాడు. నాచారం స్టూడియోలో లైట్లు మోయడంతో మొదలుపెట్టి, ఏళ్లకేళ్లు తిట్లు తిని కెమెరామెన్ అయిన మనిషి. సీరియళ్ల ఏడుపులు తీసి తీసి విసిగిపోయి, ఒక్క సినిమా తీస్తే చాలని కలవరించేవాడు.

ఉప్పల్‌లో కొత్త కాలనీలు లేస్తున్న రోజులవి. ఒక నిర్మాత, ముందు ఫిల్ము మీద నీ పని చూపించు, తర్వాత చూద్దామన్నాడు. మహిపాల్ తనకు పని నేర్పిన గురువుగారిని బతిమాలి, ఏదో షూటింగులో మిగిలిన ఫిల్ము తెచ్చుకున్నాడు. బొమ్మ తీయకముందు దానికి వేడి తగలకూడదు, వెలుతురు అసలే తగలకూడదు. అందుకే ఫ్రిజ్‌లో పెట్టాడు.

అంతలో జనగామ నుంచి మా అత్త కౌసల్యమ్మ దిగింది. కరివేపాకుకు మంచి డబ్బా దొరికిందని మూత తీసి, లోపలి నల్లసంచి విప్పి, ఫిల్ము చుట్టను కిటికీ ఎండలో పట్టుకుని, "గీ రిబ్బను ఎవలిదే గౌతమీ?" అంది. నా పై ప్రాణాలు పైనే పోయాయి.

సాయంత్రం సంగతి తెలిసి మహిపాల్ ఇల్లు ఎగిరిపోయేలా అరుస్తాడనుకున్నాను. గోడకానుకుని కూలబడ్డాడు. "ఖరాబైందా కొడుకా? కడిగియ్యనా?" అంది అత్త. నాకు నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి.

చివరికి లేచి, తల్లితో, "లోపటి చుట్లు బాగనే ఉండొచ్చు. నువ్వే తెరిచినవ్, నువ్వే కూసో కెమెరా ముంగట," అన్నాడు. మర్నాడు కెమెరా అడిగి తెచ్చి, అదే కిటికీ పక్కన జొన్నరొట్టె చేస్తున్న తల్లిని తీశాడు. ల్యాబు నుంచి వచ్చిన బొమ్మలో ముందు ఎండ తగిలినచోట నారింజ రంగు మంటల్లాంటి మరకలు, వాటిలోంచి మెల్లగా అత్త ముఖం. నిర్మాత రెండోసారి కూడా వేయించుకుని చూసి, సినిమా చేతిలో పెట్టాడు.

ఆ సినిమా పూర్తయి ఉప్పల్ థియేటర్‌కు వచ్చిన రోజు అత్త కొత్త చీర కట్టింది. ఇంటర్వెల్‌లో, "నేనింక రాకపోతినేందిరా?" అంది. కెమెరా ముందు కూర్చుంది కాబట్టి సినిమాలో ఉంటానని కాప్రా చుట్టాలదాకా చెప్పుకుందట పిచ్చితల్లి. సినిమా అయిపోయినా సీట్లోంచి లేవలేదు.

తెరమీద పేరు చూసుకున్న సంతోషం మహిపాల్‌కు అక్కడికక్కడే ఆవిరైంది. ఇంటికి ఉరికి, తల్లిని తీసిన ఫిల్ము దాచిన ఆ డబ్బా తెచ్చాడు. ఆపరేటర్ గడ్డం పట్టుకుని, జనం వెళ్లాక ఆ ముక్క వేయించాడు. గోడంత తన ముఖం చూసి అత్త కొంగు నెత్తిమీదికి లాక్కుంది.

"గింత పెద్దగనా? పండ్లు ఊడినయ్ కనవడ్తలేవా?" అని కసిరి, "ఇంకోపారి ఎయ్యమను," అంది.

ఆ సినిమా వారం ఆడింది. మా ఆయన మళ్లీ సీరియళ్లకే పోయాడు. ఫిల్ము కాలం పోయింది, థియేటర్లో ఫిల్ము వేసే పాత మిషను పీకేశారు. డబ్బా మాత్రం అలవాటుగా ఫ్రిజ్‌లోనే ఉండిపోయింది.

తెలంగాణ వచ్చిన ఏడాది అత్త పోయింది. దినాలు అయ్యాక మహిపాల్ డబ్బా ముందేసుకుని, "ఏద్దమంటే మిషను లేదు గౌతమీ," అని ఏడ్చాడు. నాకు కోపమొచ్చింది. మూత తీసి, ఫిల్ము పొడుగ్గా విప్పి, కిటికీ ఎండలోకి పట్టాను.

"ఏం కాదు. ఇప్పుడు ఎండ తగల్నియ్యి," అన్నాను.

తలలు ఆనించి, ఆ చిన్న చిన్న బొమ్మల్లో అత్తను వెతుక్కున్నాం.