డోల్మా వాళ్ళమ్మ

ఒక్క వాక్యాన్ని ఏళ్ళ తరబడి మోస్తున్నాను. మోసి మోసి నా మీద నాకే విసుగొచ్చింది. ఇక మీకు చెప్పేస్తాను.

అప్పట్లో అనంతపురంలో ఒక పేపరుకి ఆదివారం కథనాలు రాసేవాణ్ణి. చలికాలం వస్తే టిబెట్ వాళ్ళు ఊళ్ళో స్వెట్టర్ల కొట్లు పెట్టేవాళ్ళు. వాళ్ళలో డోల్మా ఒకామె. చిన్నతనంలోనే మేనమామ వెంట మంచుకొండలు దాటి ఇండియాకి వచ్చేసింది. తల్లి అక్కడే ఉండిపోయింది. ఫోన్లు కలవవు, ఉత్తరాలు చేరవు. ఏటా మా ఊరికి వచ్చి వచ్చి డోల్మాకి మా యాసే పట్టుబడింది.

నేను రోజూ కొట్లో కూర్చుని ఆమె కథ అడిగేవాణ్ణి. ఏం చెప్పేది? వాళ్ళ జడలబర్రె మొండితనం. వెన్న చిలుకుతూ తల్లి తిట్టే తిట్లు. కొండ దాటేటప్పుడు బూట్లు బిగువై దారంతా ఏడ్చిన సంగతి. చెబుతూ నవ్వేది. నాకు ఒళ్ళు మండేది. ఉన్నదంతా వదిలి పారిపోయి వచ్చిన మనిషి మాట్లాడే మాటలేనా ఇవి? ఆమె చెప్పిందే ఆమె కథ అని నాకెందుకు తట్టలేదు? తట్టింది. అదే కదా నా బాధ. తట్టినా, కన్నీళ్ళు లేని కథ ఎవరు చదువుతారనుకుని, తల్లి కూడా వెంట బయల్దేరిందనీ, దారిలో మంచులో కూతురి ఒళ్ళోనే ప్రాణం విడిచిందనీ రాసేశాను. చదివి ఏడ్చామని ఎంతమంది మెచ్చుకున్నారో.

డోల్మాకి తెలుగు చదవడం రాదు. పక్క కొట్టతను చదివి వినిపించాడు. మర్నాడు నేను వెళ్ళేసరికి స్వెట్టర్లు మడత పెడుతోంది.

"అన్నా, మాయమ్మ ఆడ్నే ఉండాదని చెప్పినా గదా. సచ్చిపోయిందని రాసినావంట?"

"నేను రాయలేదు డోల్మా. ఆఫీసోళ్ళు మార్చినారు."

చేతిలో స్వెట్టరు పక్కన పెట్టేసింది.

"ఆడినుంచి మాయమ్మ కబురేమన్నా ఆ ఆఫీసోళ్ళకు వచ్చినాదేమో అడుగన్నా. పేపరోళ్ళకు అన్నీ తెలుస్తాయి గదా."

అప్పుడైనా నోరు విప్పొచ్చు. విప్పలేదు. చలి తగ్గి కొట్లు ఎత్తేసేదాకా కనిపించినప్పుడల్లా అడిగింది. కనుక్కుంటున్నానని చెబుతూ వచ్చాను. చివరికి ఆ వీధిలో నడవడమే మానేశాను.

మరుసటి చలికాలం ఆ కొట్లో ఆమె బంధువొకామె కూర్చుంది. డోల్మా తల్లి పేరున గుడిలో, పోయినవాళ్ళకి పెట్టే దీపాలు పెట్టించిందని, ఇకమీదట ఈ ఊరికి రానందని చెప్పింది.

ఆఫీసులో ఎవరూ ఏమీ మార్చలేదు. అక్కడినుంచి ఏ కబురూ రాలేదు. రాసింది నేను, అల్లింది నేను. ఇది చెప్పాల్సింది మీకు కాదని నాకూ తెలుసు. అయినా చెప్పాక గుండె కాస్త తేలికపడింది. ఆ తేలికదనం కూడా నాకు చిరాకుగానే ఉంది.