మామిడి బెరడు మీది బూడిదరంగు ఆకులు

మా బాపు శ్రీరాంపూర్ బొగ్గు గనిలో పనిచేసి రిటైరయ్యాక, నిర్మల్ అవతల అడవి అంచు ఊళ్ళో ఇల్లు కొన్నాడు. నిజానికి అవ్వ, అంటే మా అమ్మ, పెరట్లోని మామిడిచెట్టును చూసే ఆ ఇంటికి ఒప్పుకుంది.

తొలి వానలు పడ్డాక బాపు ఫోన్ చేశాడు.

"బిడ్డా, చెట్టుకు గజ్జి లేసింది. పక్క చెట్లకు అంటకముందే కొట్టిపిస్తున్న. ఐతారం చర్చి అయినంక గొడ్డలి మనిషి వస్తుండు."

ఆదిలాబాద్ కాలేజీలో వృక్షశాస్త్రం చెప్పే కూతుర్ని నేనుండగా, ఆయన పిలిచింది గొడ్డలి మనిషిని! ఒళ్ళు మండి శనివారమే బస్సెక్కాను.

నేను వెళ్ళేసరికి అవ్వ బాపుతో మాటలు మానేసి గిన్నెలతో మాట్లాడుతోంది. పెరట్లో మామిడి బెరడంతా బూడిదరంగు ఆకులు, వానకు తడిసి లేత పచ్చగా విచ్చుకున్నాయి. నాకు కోపం పోయి నవ్వొచ్చింది. ఆ ఆకులు చెట్టువి కావు, లైకెన్. ఇంత పెద్దది ఇంట్లోనే దొరుకుతుందని నేననుకోలేదు.

బాపు ఇనుప కడ్డీ తెచ్చి, గనిలో కప్పును తట్టి చూసినట్టే మానును అక్కడక్కడా తట్టి చెవి పెట్టాడు. కప్పు బోలుగా పలికితే ఊడిపడుతుందని లెక్క.

"లోపట గట్టిగనే ఉన్నది. తోలే కరాబైంది," అన్నాడు.

నేను గోటితో ఒక ఆకును లేపాను. కింద బెరడు శుభ్రంగా ఉంది. ఆకు అడుగుభాగం నలుపు, పట్టుకోవడానికి చిన్న వేర్లలాంటి పోగులు, అంచుల్లో పిండి రాలినట్టు పొడి. భూతద్దంతో చూస్తే అంచున వెంట్రుకలు లేవు. లైకెన్లలో పార్మోట్రేమా అనే ప్రజాతి అనుకున్నాను. ఏ జాతో తేల్చాలంటే రసాయన పరీక్ష చేయాలి.

"ఇది రోగం కాదు బాపూ. బూజూ పాచీ కలిసి కాపురం చేస్తున్నాయి. చెట్టు దగ్గర ఏమీ తినవు. పాచి ఎండతో వండి పెడుతుంది, బూజు ఇల్లు కడుతుంది. శాస్త్రంలో పేరు మాత్రం బూజుదే."

"వండేది ఒకలు, పేరు ఇంకొకలది. మనింట్ల లెక్కనే," అంది అవ్వ, గుమ్మంలోంచి. వచ్చి దగ్గరగా చూసింది. "మసాలల ఏస్తం గదా పత్తర్ ఫూల్, అట్లనే ఉన్నది."

"దాని చుట్టమే," అన్నాను.

బాపు ఒప్పుకోలేదు. "మన గని క్వార్టర్ల కాడ గన్ని చెట్లుండె. ఒక్కదానికన్న గిది లేసిందా? గవి మంచి చెట్లు, గిది రోగం చెట్టు."

అప్పుడర్థమైంది నాకు, ఆయన ఎక్కడ పొరబడ్డాడో. ఏళ్ళ తరబడి చూసిన నల్లటి బెరళ్ళనే ఆరోగ్యం అనుకున్నాడు.

"బొగ్గు దుమ్ము, పొగ ఉన్నచోట ఇది బతకదు బాపూ. గాలి బాగుంటేనే ఇంత విచ్చుకుంటుంది."

ఆయన కడ్డీ కింద పెట్టాడు.

"గిది బతుకని కాడ నిన్ను పెంచినం బిడ్డా."

"మంచిగనే పెంచిండ్రు," అన్నాను. నా గొంతులోకి మా ఇంటి భాష వచ్చేసింది.

ఐతారం గొడ్డలి మనిషి వచ్చాడు. అవ్వ చాయ్ ఇచ్చింది. అతను తాగి, ఏ వైపు నుంచి కొట్టాలని అడిగాడు.

"చెట్టు మంచిగనే ఉన్నదే," అన్నాడు బాపు. "మంచి గాలి ఎట్లుంటదో మాకే తెల్వకపాయె."