రెండడుగుల దూరం

ఆ కళ్లద్దాల షాపులో ముందుండి నవ్వుతూ ఫ్రేములు చూపించేవాళ్లు వేరు. వెనక గదిలో నీళ్లు కారే చక్రం ముందు కూర్చుని, అద్దాన్ని ఫ్రేముకు సరిపోయేలా అరగదీసేది ఆవిడ. అందరూ అద్దాలక్క అంటారు. పందొమ్మిదేళ్లుగా అదే పని. వెంట్రుకవాసి తేడా వచ్చినా అద్దాన్ని పక్కన పడేసి మళ్లీ మొదలుపెడుతుంది. యజమాని గొణుగుతాడు, ఆవిడ వినిపించుకోదు.

ఇంటికెళితే మాత్రం ఆవిడ మాట వినిపించుకునే నాథుడు లేడు. నాలుగేళ్ల కిందట భర్త ఆఫీసు నుంచి పెద్దసారు భోజనానికి వచ్చాడు. భర్త తన గొప్పలు చెప్పుకుంటుంటే ఈవిడకు నవ్వాగలేదు. అంతే. "నీతో ఇక మాట్లాడను" అన్నాడు. జన్మలో ఆ మహానుభావుడు నిలబెట్టుకున్న మాట అదొక్కటే. అప్పట్నుంచి ఏం కావాలన్నా గోడతో చెప్పేవాడు. "ఈ ఇంట్లో మంచినీళ్లు దొరుకుతాయా?" ఇరుగుపొరుగు వస్తే మాత్రం "మా ఆవిడ చేతి కాఫీ తాగి వెళ్లండి" అంటూ ప్రేమ ఒలకబోసేవాడు. వాళ్లు గడప దాటగానే నోటికి తాళం పడేది.

విడాకుల కోసం వెళితే, "కొట్టాడా?" అని అడిగింది లాయరమ్మ.

"లేదండి."

"తిట్టాడా?"

"తిట్టినా బాగుండేదండి. మాటన్నా వినపడేది."

లాయరమ్మ కలం కింద పెట్టింది. హిందూ వివాహ చట్టంలో క్రూరత్వమంటే దెబ్బలొక్కటే కాదనీ, ఏళ్ల తరబడి మనిషిని లేనట్టు చూడటమూ అందులోకి రావచ్చనీ చెప్పింది. "కానీ ఇదంతా నాలుగు గోడల మధ్య జరిగింది. చూసినవాళ్లెవరైనా ఉన్నారా?"

"మా అన్నయ్య ఉన్నాడండి."

అన్నయ్య కాలు విరిగి, ఆసుపత్రి దగ్గరని మూడు నెలలు వాళ్లింట్లోనే ఉన్నాడు. ఆ మూడు నెలలూ భర్తకు గోడతో పని లేకపోయింది. "బావగారూ, ఆవిడతో చెప్పండి, చొక్కా ఇస్త్రీ కాలేదని." ఆవిడ రెండడుగుల దూరంలోనే నిలబడి ఉండేది. ఒకరోజు ఆవిడ స్నానాలగదిలో జారిపడి కేక పెడితే, భర్త టీవీ సౌండు పెంచాడు. కట్టుకట్టిన కాలు ఈడ్చుకుంటూ వచ్చి లేపింది అన్నయ్యే. వెక్కి వెక్కి ఏడ్చాడు కూడా. "ఎక్కడ చెప్పమంటే అక్కడ చెబుతానమ్మా" అన్నాడు. ఆ మాట పట్టుకునే కేసు వేసింది. నాన్న పోయాక చెయ్యి పట్టుకుని బడికి తీసుకెళ్లినవాడు. ఆయన్ను నమ్మకపోతే ఇంకెవర్ని నమ్ముతుంది?

అన్నయ్య బోనెక్కాడు. ఆవిడ స్వయంగా చేసిచ్చిన కళ్లద్దాలే పెట్టుకుని వచ్చాడు.

"మీ చెల్లెలు జారిపడిన రోజు ఏం జరిగింది?" అంది లాయరమ్మ.

"నాకు తెలీదండి. మాత్రలేసుకుని పడుకున్నాను."

"ఇంట్లో మీ బావగారు ఆమెతో మాట్లాడేవారా?"

"ఎందుకు మాట్లాడడండీ! బావ కాస్త నెమ్మదస్తుడు, అంతే."

లాయరమ్మ ఇంకో ప్రశ్న వెయ్యకుండా ఫైలు మూసేసింది. ఆవిడ మొగుడు పెట్టిన బాధ నాలుగేళ్లు మోసింది. ఇది ఒక్క నిమిషం కూడా మోయలేకపోయింది. తోడబుట్టినవాడే గొంతు కోశాడు.

కోర్టు వరండాలో అన్నయ్య వెనకాలే పరిగెత్తుకొచ్చాడు. పక్కన వదిన.

"కోపం తెచ్చుకోకే. రేపు విడాకులొస్తే నువ్వెక్కడికొస్తావు? మాది రెండు గదుల కొంప. మీ వదిన పదిరోజుల్నించి ఒకటే నస..."

"మధ్యలో నన్నెందుకు లాగుతారు?" అని కస్సుమంది వదిన. "ఉన్నదున్నట్టు చెప్పమని పొద్దున కూడా మొత్తుకున్నాను."

అన్నయ్య కళ్లద్దాలు తీసి చొక్కా అంచుతో తుడుచుకున్నాడు.

ఆవిడ సంచిలో తాళంచెవి ఉంది. షాపు పైన ఖాళీగా ఉన్న గదిది. యజమాని మొన్ననే ఇచ్చాడు. సాక్ష్యం అయ్యాక ముందుగా అన్నయ్యకే చూపించాలని ఎవరికీ చెప్పకుండా దాచుకుంది. ఆ సంబరం తలుచుకుంటే ఇప్పుడు ఒళ్లు మండిపోయింది.

"ఏదో ఒకటి అనవే. పోనీ, తిట్టు," అన్నాడు అన్నయ్య.

ఆవిడ వదిన వైపు తిరిగింది.

"వదినా, మీ ఆయనతో చెప్పు. నాకు ఉండటానికి గది ఉందని."

అన్నయ్య రెండడుగుల దూరంలోనే నిలబడి ఉన్నాడు.