ఆమె అరచెయ్యి ఆగేదాకా

హార్మోనియం రీడు అంటే ఇత్తడి పలకకు బిగించిన సన్నటి ఇత్తడి నాలుక. గాలి తగిలితే ఊగుతుంది, ఊగితే పలుకుతుంది. కొన దగ్గర ఆకురాయితో గీకితే నాలుక తేలికై స్వరం పైకి పోతుంది. బిగించిన మొదలు దగ్గర గీకితే బిగువు తగ్గి స్వరం కిందికి దిగుతుంది. విద్య ఇంతే. మిగిలినదంతా చెవి. ఆ చెవి నాకు లేదు. ఈ ఒక్క ముక్క ఒప్పుకోవడానికి నాకు సగం జీవితం పట్టింది.

కొత్తగూడెంలో బొగ్గు గని దిగి ఇరవై రెండేళ్ళు డ్రిల్లు పట్టినవాణ్ణి. షిఫ్టు అయ్యి పైకి వచ్చాక చెవుల్లో ఈల మోగేది. మొదట్లో అన్నం తినేసరికి తగ్గేది, తర్వాత తగ్గడం మానేసింది. ముందు పిచ్చుకల అరుపు పోయింది. తర్వాత కుక్కర్ విజిల్ పోయింది. "ఏందయ్యా, చెవిల బొగ్గు పడ్డదా?" అని మా ఆవిడ ఆటపట్టించేది. నాకు చెవుడు అంటే మాత్రం ఊరుకునేవాణ్ణి కాదు. గొంతు తగ్గించి మాట్లాడుతున్నావని ఆమెనే కసిరేవాణ్ణి.

హార్మోనియం బాగుచేసే పని, మా క్వార్టర్ల వెనకవైపు ఉండే ఒక నాటకాల మేస్త్రి దగ్గర పడుచుతనంలో నేర్చుకున్నాను. రెండు వేల సంవత్సరం దాటిన కొత్తలో గని ఉద్యోగం మానేశాక అదే నా పని అయింది. అప్పటికి నా చెవి పనికి రాకుండా పోయింది. అయినా నేను చేసిన హార్మోనియం పెట్టె శ్రుతికి ఇల్లందు నుంచి భద్రాచలం దాకా పేరుండేది. అది ఎలాగంటే చెప్తాను.

సరిగ్గా ఉన్న రీడునూ, సరిచేయాల్సిన రీడునూ కలిపి మోగిస్తే, రెండింటికీ కొంచెం తేడా ఉన్నప్పుడు శబ్దం ఉబ్బుతూ తగ్గుతూ ఉంటుంది. దగ్గరవుతున్న కొద్దీ ఆ ఊపు నెమ్మదిస్తుంది. రెండూ ఒకటైనప్పుడు ఆగిపోతుంది. ఒకరోజు నేను ఒక రీడు పట్టుకుని గంటసేపు తంటాలు పడుతుంటే, పొయ్యి దగ్గరి నుంచి మా ఆవిడ "ఇంక ఊగుతనే ఉన్నది" అన్నది. ఆమెకు సరిగమలు రావు, చదువూ రాదు. వచ్చి నా ఎదురుగా కూర్చుని, ఆ ఊపు ఎలా ఉందో అరచేత్తో చూపించింది, ఉయ్యాల ఊపినట్టు. నేను గీకుతుంటే ఆమె అరచెయ్యి నెమ్మదించింది. ఆగింది. ఆకురాయి కింద పెట్టాను.

అప్పటి నుంచి నేను రీడును చూడలేదు, ఆమె అరచేతిని చూశాను. బియ్యం ఏరుతూ ఒక చేత్తో చూపించేది, ఎక్కువ గీకబోతే "ఆగు, ఆగు" అనేది. పని చేసేటప్పుడు వీధి తలుపు వేసేసేవాణ్ణి. లోపల ఏదో రహస్య విద్య ఉందని జనం అనుకుంటారని నా లెక్క. ఉన్న రహస్యమల్లా మా ఆవిడే. పెట్టె తీసుకోవడానికి వచ్చినవాళ్ళు "నీవి పాము చెవులన్నా" అంటే మీసం మెలేసేవాణ్ణి. ఆమె వాళ్ళకు చాయ్ ఇచ్చి లోపలికి పోయేది.

ఒక్కసారి అడిగింది. "శ్రుతి నేను జెప్పిన్నని ఒక్కసారి అంటే నీ సొమ్మేం పోతది?"

"గట్ల చెప్తే రేపటి సంది పెట్టె ఎవడిస్తడే? చెవిటోడు హార్మోనియం చేస్తుండని నవ్వరా?" అని ఎగిరాను.

మళ్ళీ అడగలేదు. నేనూ ఆ సంగతి అక్కడితో అయిపోయిందనుకున్నాను.

ఒక వానాకాలం ఆమెకు జ్వరం వచ్చింది. తొమ్మిది రోజులు దవాఖానాలో ఉంది, పదో రోజు లేదు. మాకు పిల్లల్లేరు. దినాలయ్యాక చుట్టాలు బస్సెక్కి వెళ్ళిపోయారు. రెండు గదుల క్వార్టరు, నేను, చెవిలో ఈల. పొద్దుటి నుంచి సాయంత్రం దాకా నోరు తెరవని రోజులుండేవి. ఒక్కోరోజు పాలవాడితో "రేపు వద్దు" అన్న మాటే ఆ రోజుకు నా మాట. దాచడానికి ఇంట్లో ఎవరూ లేకపోయినా తలుపు వేసుకునే కూర్చునేవాణ్ణి.

నాలుగు నెలలకు టేకులపల్లి అవతల అడవి అంచు ఊరి నుంచి ఒకామె హార్మోనియం తెచ్చింది. ఆ ఊరి భజన గుంపుకు ఆమే పెద్ద. వాయించేదీ పాడేదీ ఆమే. యాభై ఏళ్ళుంటాయి. ఏటా శ్రీరామనవమికి ఆ గుంపు భద్రాచలానికి నడిచి వెళ్ళేది. ఆమె గొంతు పై స్థాయికి ఎక్కితే వీధి వీధంతా వింటుందని మా ఆవిడ చెప్పగా తెలుసు. నన్ను అన్నా అనేది, మా ఆవిడను వదినా అనేది. ఎలుకలు గాలి తిత్తి కొరికాయి, చెమ్మకు రీడులు చిలుం పట్టాయి. "నవమి లోపు ఇయ్యాలె అన్నా" అంది. సరేనన్నాను. ఈ పెట్టె నా ఒక్కడి చేతిలో పలక్కపోతే ఇన్నేళ్ళ నా పేరు నాది కాదని తేలిపోతుంది. నాకు ఆ భయమే ఉంది.

తిత్తికి మేకతోలు అతికాను. రీడులు తుడిచాను. కింది స్థాయి రీడులు నా చెవికి కొంచెం అందాయి. నడిమి వాటికి ఒక ఉపాయం తట్టింది. దవడ పెట్టె చెక్కకు ఆనించి పళ్ళు బిగించాను. ఊపు పళ్ళకు తెలిసింది! నెమ్మదించడమూ తెలిసింది, ఆగడమూ తెలిసింది. ఆ సాయంత్రం ఒక్కణ్ణే గట్టిగా నవ్వుకున్నాను. ఎవరికైనా చెప్పాలనిపించింది. ఎవరూ లేరు.

పై స్థాయి దగ్గర పళ్ళకేమీ తెలియలేదు. ఎంతసేపు ఆనించినా చెక్క చెక్కలాగే ఉంది. పళ్ళకు ఊపు తెలియలేదు కాబట్టి ఊపు లేదనుకున్నాను. పాత అలవాటు కొద్దీ ఒక్కోదానికి నాలుగు గీతలు గీకి బిగించేశాను.

భజన గుంపు ఆమె వచ్చి పెట్టె మెట్ల మీద వేళ్ళు కింది నుంచి పై దాకా పోనిచ్చింది. పైన ఒక చోట చెయ్యి ఆగింది. నా ముఖం చూసింది, గోడ మీద దండ వేసిన ఫోటో చూసింది. "మంచిగున్నదన్నా" అని పెట్టె ఎత్తుకుని వెళ్ళింది. నేను మళ్ళీ మీసం మెలేశాను.

ఆ తర్వాత పెట్టెలు రావడం తగ్గింది. ఎలక్ట్రానిక్ కీబోర్డులు వచ్చాయి కదా, అందుకేనని వాటిని తిట్టుకున్నాను.

మరుసటి ఏడు నవమికి ఇంట్లో కూర్చోబుద్ధి కాలేదు. నా చేతి పెట్టె ఎలా మోగుతుందో చూద్దామని భద్రాచలం బస్సెక్కాను. గోదావరి ఒడ్డున పందిళ్ళ కింద భజన గుంపులున్నాయి. వెతికి వెతికి నా పెట్టె తీసుకుపోయిన ఆమె పక్కనే కూర్చున్నాను. ఆమె కళ్ళు మూసుకుని పాడుతోంది. నాకు వినపడింది తక్కువ, కనపడింది ఎక్కువ. ఆమె వేళ్ళు నడిమి దాటి పైకి పోవడం లేదు. పై మెట్ల మీద ఒక తువ్వాలు మడిచి కప్పి ఉంది.

పాట అయ్యాక తువ్వాలు తీయబోయాను. ఆమె నా చెయ్యి పట్టుకుంది. మద్దెల వాయించే ముసలాయన ఆగలేకపోయాడు. "ఏడాది సంది మా అక్క కింది గొంతులనే పాడుతాంది. ఆ పై మెట్లు మోగితే చెవుల సూదులు గుచ్చినట్టే ఉంటది" అన్నాడు.

"నీ నోరు మూతపడదా?" అని ఆమె గదిమింది. తర్వాత నాతో, "వదిన పోయి అప్పటికి నాలుగు నెలలే అయ్యె. బాగలేదని నీ ముఖం మీద ఎట్ల చెప్తం అన్నా? వేరేటోనికి చూపిస్తే నీకు తెలుస్తదని ఎటూ తీస్కపోలే" అంది.

నాకు ముందు కోపమే వచ్చింది. నన్ను చూసి జాలిపడడానికి మీరెవరని అరిచి లేచిపోయాను. రేవు మెట్ల మీద కూర్చున్నాను. వీధి వీధంతా వినే గొంతు నా మూలంగా ఏడాది పాటు కిందే పాడింది. నాతో ఎవరూ నిజం చెప్పని స్థితికి వచ్చానని అప్పుడు అర్థమైంది. ఆ నిజం మొదట దాచింది నేనే.

తిరిగి వెళ్ళాను. గుంపు మొత్తం వినేలా చెప్పాను. "నాకు వినవడదు. పెట్టెలు శ్రుతి చేసింది ఎన్నడూ నేను గాదు, మీ వదిన. దీన్ని ఖమ్మం తీస్కపోయి వేరేటోళ్ళకు చూపించుండ్రి."

ఎవరూ ఆశ్చర్యపోలేదు. ఆమె నా ముందు మంచినీళ్ళ చెంబు పెట్టింది.

"మాకు ఎరుకే అన్నా. ఎరుకుండి గూడ, వదిన పోయిందని నీకు పని ఇయ్యకుంటే ఎట్లనని పెట్టె తెచ్చిన. నీకు వినవడాలంటే వదిన గట్టిగనే చెప్పాలె గద. 'ఆగు, ఆగు' అనేది పెట్టె కోసం వచ్చి బయట అరుగు మీద కూసున్నోళ్ళందరికీ వినవడేది."

"మరి ఒక్కరన్నా అనకపోతిరి?"

"వదినే వద్దన్నది. ఆయన నోటెంట ఆయనే అంటడు, అప్పటిదాంక మీరు అనకుండ్రి అన్నది."

ఆ మాటకు నేను పందిట్లో అందరి ముందూ ఏడ్చాను. దవాఖానాలో ఏడవలేదు, దినాల నాడు ఏడవలేదు. కాపురం చేసిన ఇరవై ఆరేళ్ళలో ఆమె నన్ను నోరు తెరిచి అడిగింది ఆ ఒక్క మాటే. చివరికి అన్నాను, గోదావరి ఒడ్డున పన్నెండు మంది పరాయివాళ్ళ ముందు, ఆమె పోయిన ఏడాదిన్నరకు.