పదకొండు ఆటలు, రెండు కళ్ళు

దుర్గి కోటాచారి నలభై రెండేళ్ళుగా చేస్తున్న పని ఒక్కటే: అక్కరలేనిది తీసెయ్యడం. రాయిలో దేవుడు దాక్కుని ఉంటాడనే మాట ఆయన నోట ఎవరూ వినలేదు. రాయిలో ఉండేది రాయే, ఎక్కువైంది తీసేస్తే మిగిలినదానికి జనం దండం పెడతారు, అక్కడివరకే తన పూచీ అని ఆయన సిద్ధాంతం. ఆ సిద్ధాంతం మీదే నందులూ, నాగప్రతిమలూ, ఆంజనేయస్వాములూ ఆయన పాకలోంచి ట్రాక్టర్లెక్కి వెళ్ళిపోయాయి. ఈమధ్య దేవుళ్ళకంటే మాజీ సర్పంచులకు గిరాకీ పెరిగింది. బతికినన్నాళ్ళూ ఒక పార్టీలో కుదురుగా నిలవని పెద్దమనుషుల్ని సైతం శాశ్వతంగా ఒకేచోట నిలబెట్టిన ఘనత కోటాచారిది.

ఆయన పని పద్ధతులన్నీ తండ్రి నేర్పినవే. ముఖం చెక్కేటప్పుడు ముక్కు కొసన, గడ్డం మీద, నుదుటి మీద, ఎక్కడ రాయి మిగలాలో అక్కడ ఎర్రమట్టి జాజుతో ఒక టిక్కు పెడతాడు. టిక్కు పడ్డచోట ఉలి పడకూడదు. గుర్తు లేనిదంతా పోతుంది. తక్కిన శిల్పులు పోవాల్సినచోట గీతలు గీసుకుంటారు. పోయేదానికి గుర్తెందుకు, ఎటూ పోయేదే గదా అని కోటాచారి తండ్రి వాదం. అదీగాక, పని దిగిన వెంటనే రాలిన రాతి చెక్కులన్నీ ఎత్తి ఊరవతల పారబోసి రావాలి. నేల మీద చెక్కు ఉన్నంతసేపూ పని అయినట్టు లెక్కకాదు. ఇక కళ్ళు అన్నిటికంటే చివర. ముఖమంతా పూర్తయ్యేదాకా అక్కడ రెండు గుడ్డి ఉబ్బులు వదిలిపెట్టి, ఆఖరున ఒక ఉదయం స్నానం చేసి కూర్చుని తెరుస్తాడు.

పోయిన వైశాఖంలో ఆయన భార్య రమాదేవి పోయింది. అరుగు మీద కూర్చుని మంచినీళ్ళు అడిగింది. ఆయన తెచ్చేలోపల వాటి అవసరం లేకపోయింది.

సంవత్సరీకం నాటికి ఆమె బొమ్మ చేసి వాకిట్లో నిలబెట్టాలని ఆయన సంకల్పించాడు. ఎవరెవరి మామల్నో చెక్కినవాడు ఇంటి మనిషిని చెక్కకపోతే ఊరు ఏమనుకుంటుందోనని మొదలుపెట్టానని ఫ్రాన్సిస్‌కు చెప్పాడు. ఫ్రాన్సిస్ ఆ పాకలో ఇరవయ్యేళ్ళుగా విగ్రహాలకు పాలిష్ పట్టే మనిషి. ఆ మాట నమ్మలేదు, నమ్మినట్టు తలైతే ఊపాడు.

ముఖం ఐదు వారాల్లో వచ్చేసింది. ముక్కు పక్క పుట్టుమచ్చ, సాగిన చెవి తమ్మె, కోపమొస్తే ఎడమకు తిరిగే మూతి, అన్నీ చేతులకే తెలిసినట్టు వచ్చి కూర్చున్నాయి. ఒక ఉదయం తలస్నానం చేసి, సన్న ఉలి పట్టుకుని, గుడ్డి ఉబ్బుల ఎదురుగా కూర్చున్నాడు. ఎండ పాకలోకి పాకేదాకా అలాగే కూర్చున్నాడు. ముప్ఫై ఆరేళ్ళు కాపురం చేసిన మనిషి కళ్ళు ఎట్లా ఉంటాయో తనకు తెలియదని అప్పుడు బయటపడింది.

ఇందులో ఆయన తప్పేమీ లేదని ఆయనే తీర్పిచ్చుకున్నాడు. అన్నానికి రమ్మని ఆమె పిలిచినప్పుడల్లా "ఆఁ" అన్నాడు. తల ఎత్తలేదు. ఉలి కింద రాయి ఉన్నప్పుడు తల ఎత్తితే ఎవరో ఒక సర్పంచికి ముక్కు పోతుంది. తీర్పు బాగానే ఉంది గానీ ఉలి కదల్లేదు.

పెళ్ళి ఫోటోలు చెదలు తినేశాయి. ఆధార్ కార్డులో ఉన్న ఆవిడను చూసి విగ్రహం చేస్తే, ఈమె ఎవరి తాలూకని ఊరు అడుగుతుంది. మిగిలిన ఆధారం ఒక్కటే: రమాదేవి ఫోనులో ఉన్న రెండు నిమిషాల వీడియో. పోయిన ఏడాది శివరాత్రికి కోటప్పకొండలో కూతురు జాహ్నవి, తల్లిని తిరునాళ్ళ ప్రభల ముందు నిలబెట్టి, తల్లి ఫోనుతోనే తీసింది. అందులో రమాదేవి నేరుగా చూసి మాట్లాడుతుందని జాహ్నవి చెప్పింది. పంపించమని ఎన్నిసార్లో అడిగిందట, తల్లి రేపు రేపంటూ గడిపేసింది. ఇట్లాంటివి ఆకాశంలో ఎక్కడో దాచిపెట్టే సదుపాయం కూడా ఉందట. ఆ సంగతి ఫోను అడిగిన ప్రతిసారీ రమాదేవి 'ఇప్పుడు కాదు' అని నొక్కింది.

ఆ ఫోను ఆమె పోయిన రోజునుంచీ గోడ గూట్లో ఛార్జింగులోనే ఉంది. వైరు ఊడదీయడానికి ఆయనకు చేతులు రాలేదు. రోజూ మిట్టమధ్యాహ్నం, పలనాటి ఎండకు కుక్కలు సైతం నోరు మెదపని వేళ, గూట్లో కోడి కూసేది. మొదటిరోజు కోటాచారి పెరట్లోకి వెళ్ళి వెతికి వచ్చాడు. వాళ్ళింట్లో కోళ్ళు లేవు. గూటి దగ్గరకొచ్చి చూస్తే ఫోను మీద వెలుగుతూ ఒక విన్నపం: 'రమాదేవి గారూ, మీ పంట కోతకు వచ్చింది.' మర్నాడు ఇంకొకటి: 'రమాదేవి గారూ, మీ కోళ్ళు మీ కోసం ఎదురుచూస్తున్నాయి.' బతికుండగా ఆమెను గారూ అన్నది బ్యాంకువాళ్ళూ, ఓట్లకొచ్చినవాళ్ళూ మాత్రమే. చనిపోయాక ఈ మర్యాద రోజూ జరుగుతోంది. ఆమె లేదమ్మా అని కోటాచారి ఒకసారి గూటికేసి చెప్పాడు కూడా. మర్నాడు కోడి మళ్ళీ కూసింది.

వీడియో తెరిస్తే ప్రభలు కనిపించేవి, మైకులో గోల వినిపించేది, పసుపు చీరలో రమాదేవి తల వంచుకుని కొంగు సర్దుకునేది. తల ఎత్తబోతుంది. రెప్పలు సగం లేస్తాయి. సరిగ్గా అక్కడ బొమ్మ బిగుసుకుపోతుంది, స్టోరేజ్ నిండిపోయింది, ఖాళీ చెయ్యమని ఒక చీటీ అడ్డం పడుతుంది. ఎన్నిసార్లు పెట్టినా అంతే. సగం లేచిన ఆ రెప్పల్ని ఆయన నలభైసార్లన్నా చూసి ఉంటాడు. రాత్రి అన్నం ముందు కూర్చున్నా అవే.

నరసరావుపేటలో టీచరుగా ఉన్న జాహ్నవికి ఫోన్ చేస్తే, అమ్మ ఆటలు ఎక్కించి ఎక్కించి నింపేసింది, అక్కరలేని ఆటలు తీసేస్తే వీడియో ఆడుతుంది, ఆదివారం వచ్చి నేనే తీస్తానని చెప్పింది. ఆదివారానికి నాలుగు రోజులుంది. సంవత్సరీకానికి తొమ్మిది. కోటాచారి ఫోను తీసుకొచ్చి పాకలో దిమ్మ మీద పెట్టి, చేతులు కడుక్కుని, దాని ముందు బాసింపట్టు వేసుకుని కూర్చున్నాడు.

"పాపని రానీ అన్నా. మనకెందుకొచ్చిన పని," అన్నాడు ఫ్రాన్సిస్.

"గుట్టలు గుట్టలు రాయి తీసినోణ్ణి. ఈ అరచేతి పలకలో చెత్త తియ్యలేనా?"

లెక్కపెడితే ఆటలు పదకొండు తేలాయి. మిఠాయిలు పగలగొట్టేది, బుడగలు పేల్చేది, బస్సు నడిపేది, లూడో, ఇంకా ఏవేవో, అన్నిటికంటే బరువైన పొలం ఆట. నాలుగెకరాలు కౌలుకిచ్చేసిన ఇల్లాలు ఫోనులో వ్యవసాయం చేస్తున్నదన్న సంగతి భర్తకు ఏడాది తర్వాత తెలిసింది. ఎక్కువ చోటు తినేవి ఇవీ అంటూ ఫోను ఒక జాబితా పరిచింది. అందులో ఆటలూ వీడియోలూ కలగలిసి ఉన్నాయి. ఒక్కొక్కదాని పక్కన చిన్న చదరం. చదరం మీద వేలు పెడితే టిక్కు పడుతోంది.

ఇంతకంటే తేలికైన పని ఏముంది? కోటప్పకొండ వీడియో పక్కన టిక్కు పెట్టాడు. జాహ్నవి కొడుకు అన్నప్రాసనది, అందులో రమాదేవి ఎక్కడో ఉండి ఉండాలి, దానికీ పెట్టాడు. హారతి పాట పాడుకుంటూ తనకు తనే తీసుకున్న ముక్క, టిక్కు. ముక్కు కొసన జాజు పెట్టినంత శ్రద్ధగా, గోటి కొసతో, మొత్తం ఆరింటికి పెట్టాడు. ఆటల జోలికి వేలు పోనివ్వలేదు. పోయేవాటికి గుర్తెందుకు? చివర చెత్తబుట్ట బొమ్మ నొక్కాడు. ఇంగ్లీషులో ఏదో అడిగింది.

"డిలీట్ చెయ్యాల్నా అంటంది," అని ఫ్రాన్సిస్ కూడబలుక్కుని చదివాడు.

"మరి కూర్చుంది అందుకేగా."

చేసింది. బుట్టలో చెత్త ఉందని ఇంకొక చీటీ వచ్చింది. నేల మీద చెక్కు ఉండకూడదు. బుట్టను కూడా దులిపి, కోటాచారి తండ్రి ఎక్కడున్నా సంతోషించేటట్టు పని శుభ్రంగా ముగించాడు.

అప్పుడు కోడి కూసింది.

పదకొండు ఆటలూ ఉన్నచోటే ఉన్నాయి. వీడియోలు ఉండాల్సినచోట తెల్లగా ఉంది. కోటాచారి ఆ తెలుపును వేలితో పైకీ కిందికీ తోశాడు.

"టిక్కు పెట్టినయ్యే పోయినయ్ అన్నా," అన్నాడు ఫ్రాన్సిస్ మెల్లగా.

"టిక్కు పెట్టినయ్ ఎట్టా పోతయ్‌రా," అన్నాడాయన. కోపం లేదు ఆ మాటలో. నిజంగానే అడిగాడు.

మర్నాడు పొద్దున్నే బస్సెక్కి మాచర్ల వెళ్ళాడు. బస్టాండు దగ్గర ఫోన్లు బాగుచేసే రిజ్వాన్ నెమ్మదస్తుడు. ఫోనును కంప్యూటరుకు తగిలించి, మధ్యలో భోజనానికి కూడా లేవకుండా మూడింటిదాకా వెతికాడు. అంతసేపూ కోటాచారి స్టూలు మీద కూర్చుని అతని ముఖమే చూశాడు. ఒక మనిషి ముఖాన్ని ఉలి లేకుండా అంతసేపు చూడటం ఆయన జీవితంలో అదే మొదలు.

"బుట్టలో ఉన్నా లాగేవాణ్ణి బాబాయ్," అన్నాడు రిజ్వాన్ చివరికి. "అది కూడా దులిపావు."

"మా పనిలో టిక్కు పెడితే అది ఉండాలబ్బాయ్."

"మా పనిలో పోవాల," అన్నాడు రిజ్వాన్. నవ్వలేదు. డబ్బులు తీసుకోలేదు. పోనీ ఆ ఆటలన్నా తీసి ఇమ్మంటావా అని అడిగాడు. కోటాచారి ఫోను జేబులో పెట్టుకుని, వద్దన్నాడు. ఇప్పుడిక చోటు దేనికి?

మధ్యాహ్నం కంప్యూటరుకు తగిలించి ఉండగా కూయని కోడి, తిరుగుబస్సులో, దుర్గి ఇంకా రాకముందే, జేబులో కూసింది. పక్క సీటావిడ తన సంచీలోకి తొంగి చూసుకుంది. ఆయన ఫోను తీసి, ఆ విన్నపం మీద వేలు పెట్టాడు. ఏడాదిగా పిలుస్తున్నవాళ్ళకు ఒకసారి పలకడం మర్యాద అనిపించింది.

పొలం విప్పారింది. అరవై ఒకటో మెట్టు రైతు రమాదేవి. పంట ముదిరి పసుపుపచ్చగా ఆగిపోయి ఉంది, కోసేవాళ్ళు లేరు. కోళ్ళు గేటు దగ్గర గుంపుగా నిలబడి ఉన్నాయి. పెంకుటిల్లు, ఇంటి ముందు అరుగు, అరుగు పక్కన బంతిపూలు, అంతా దుర్గిలో వాళ్ళ వాకిలి లెక్కనే అమర్చుకుంది. అరుగుకు ఎదురుగా, సరిగ్గా పాక ఉండే దిక్కున, ఒక మనిషి బొమ్మ వంగి కూర్చుని రాయి కొడుతోంది. వేలు తగిలిస్తే దాని వివరం వచ్చింది: అలంకారం, నాలుగు వందల నాణేలు, దిగుబడి లేదు. పాలివ్వనిది, గుడ్డు పెట్టనిది, పంటకు పనికిరానిది, దాన్ని కొన్నది. ఆ బొమ్మ సుత్తి ఎత్తుతుంది, దించుతుంది, ఎత్తుతుంది. దుర్గి వచ్చేదాకా చూశాడు. అది తల ఎత్తలేదు.

ఇంటికొచ్చి ఆయన పాకలో తన పీట మీద కూర్చుని, అక్కడినుంచి అరుగుకేసి చూశాడు. ఆఖరి రెండేళ్ళూ ఆమె అక్కడే కూర్చునేది. ఎప్పుడన్నా ఉలి మార్చుకోవడానికి తిరిగినప్పుడు కంటికొసన కనిపించేది. ఒళ్ళో ఫోను, బొటనవేళ్ళు కదులుతూ, రెప్పలు దించుకుని. దాంట్లో ఏం చూస్తున్నావే అని ఒక్కనాడూ అడగలేదు. కానీ రెప్పలు తెలుసు. ఎంతవరకు దిగేవో, దించితే కింద ఎట్లా నీడ పడేదో, ఆ వంపు కొలత ఆయన దగ్గరుంది. తనకు తెలిసింది అంతే. గుడ్డి ఉబ్బుల్లో రాయి ఇంకా మిగిలే ఉంది. ఉలి తీశాడు.

సంవత్సరీకం నాడు వాకిట్లో ముసుగు తీశారు. వచ్చినవాళ్ళంతా ఎంత ప్రశాంతంగా ఉందో చూడండి అన్నారు. ఒక పెద్దాయన ఇది ధ్యానముద్ర అని తేల్చాడు. ఎడ్లపాడు నుంచి వచ్చిన బంధువొకాయన తమ నాన్నగారి విగ్రహానికి కూడా ఇట్లాంటి రెప్పలే కావాలని అక్కడికక్కడే మాట తీసుకోబోయాడు. కోటాచారి అన్నిటికీ చేతులు జోడించాడు.

పిండప్రదానం అయ్యి, జనం విస్తళ్ళ దగ్గరకు కదిలాక, జాహ్నవి ఒక్కతే విగ్రహం ముందు మిగిలింది. వీడియో సంగతి ఆమెకు తెలుసు. కాసేపు నిలబడి చూసి, చీర కుచ్చిళ్ళు పోగుచేసుకుని నేల మీద గొంతుక్కూర్చుంది. తల పైకెత్తి, ఆ దించిన రెప్పల కిందికి చూడబోయింది.

"ఇట్టా కింద కూర్చుంటే కళ్ళు కనపడతయ్యా నాన్నా?"

"ఏమోనమ్మా," అన్నాడాయన. "నేనెప్పుడూ కూర్చుని చూడలా."

జాహ్నవి లేవలేదు. ఆయన పక్కనే కాసేపు తచ్చాడాడు. ఒకసారి మోకాలు వంచబోయాడు కూడా. తర్వాత, చుట్టాలకు మజ్జిగ అందిందో లేదో చూసొస్తానని, ఎవరూ అడక్కపోయినా పైకి చెప్పి, విస్తళ్ళ వైపు నడిచాడు.