భుజం తడితే బండి తిప్పిన మా బావ

మా బావ సన్యాసినాయుడు పోయాడు. ఈ ఒక్క వాక్యం రాయడానికి పొద్దుటి నుంచి కాగితాలు చింపుతూనే ఉన్నాను. ఆయన ఆఖరి శ్వాస విడిచినప్పుడు మంచం పక్కనే ఉన్నవాణ్ణి. ఎవరో వచ్చి నాకు చెప్పవలసిన వార్త కాదు. అయినా మర్నాడు బెల్లం మార్కెట్టు దగ్గర పాత శిష్యుడొకడు ఎదురై, "మేష్టారూ, మిలట్రీ నాయుడుగారు పోయేరంట గదండీ, నిజవేనా?" అని అడిగితే, ఆ దుర్వార్త అప్పుడే చెవిన పడినట్టు నిశ్చేష్టుణ్ణయ్యాను. బళ్లో తెలుగు పండితుడిగా బతుకంతా మాటలతోనే గడిపినవాణ్ణి. "నిజమే" అన్న ఒక్క మాటకి బదులు తల ఊపి వచ్చేశాను.

ఊరివాళ్లకి ఆయన మిలట్రీ నాయుడు. నాకు మా అక్క నూకరత్నం భర్త. చెరకు తోటలో పార పట్టవలసిన వయసులో సైన్యంలో చేరి, ట్యాంకు డ్రైవరై, ఉద్యోగమంతా ఎక్కడో ఉత్తరాది ఇసుకలో ఆ ఉక్కు బండిని నడిపి వచ్చాడు. తిరిగొచ్చాక ట్రాక్టరు కొనుక్కుని చుట్టుపక్కల పొలాలు దున్నాడు. సంతానం లేదు. పొట్టి మనిషి. పొడుగువాళ్లు ట్యాంకులో పట్టరని, తాను దానికోసమే పుట్టానని చెప్పుకునేవాడు. మెడ తిప్పి పక్కకి చూసే అలవాటే లేదు. ఎవరైనా పిలిస్తే మనిషి మొత్తం తిరిగేవాడు. చెవులు మాత్రం ఆ ఇంజన్ల ఘోషకీ ఫిరంగి మోతకీ ఆహుతైపోయాయి. వినికిడి మిషను పెడితే గోల ఎక్కువైందని విసుక్కుని జేబులో పడేసుకునేవాడు.

ఆయనకీ నాకూ భాష దగ్గర ఎప్పుడూ పేచీయే. ట్యాంకుని నేను "యుద్ధశకటం" అంటే పకపకా నవ్వేవాడు. "శకటవంటే ఎడ్లు కట్టాల బావా. దీనికి ఎక్కడ కడతావు?" అనేవాడు. తెలుగులో మాట ఉండగా ఇంగ్లీషు మాట ఎందుకని నేను వాదించేవాణ్ణి. అప్పటికే మిషను జేబులోకి వెళ్లిపోయి ఉండేది. ఆయనతో వాదనలో గెలిచినవాడు ఈ జిల్లాలో లేడు.

చలికాలంలో మా పల్లె వైపు బెల్లం పాకల్లో చెరకు రసం పెనం మీద కాగుతుంటే ఆ వెచ్చదనానికి నలుగురూ చేరేవారు. అక్కడ బావ ట్యాంకుల చరిత్ర చెప్పేవాడు. సంవత్సరాలూ లెక్కలూ ఉండేవి కావు. పెళ్లివారికి మన వంశం గురించి చెప్పినట్టు చెప్పేవాడు.

"ముత్తాత ఇంగ్లీషోడు. మొదటి పెద్ద యుద్ధంలో ఎటు సూసినా బురద, కందకాలు, ముళ్లకంచె. తలెత్తినోడు సచ్చేడే. అప్పుడు కందకం మీంచి పాకిపోయే ఇనప పెట్టి ఒకటి సేసేరు. గుట్టు బయటపడకూడదని నీళ్ల ట్యాంకని సెప్పేరు. పేరు అలాగే ఉండిపోయింది. లోపల ఇంజనుకి అడ్డుగోడ నేదు. పొగ, ఏడి. లోపలోళ్లు సొమ్మసిల్లి పడిపోయేవోరు. నడక సూత్తే మనిషి నడకే."

"అంత కష్టపడి నడిచెల్లొచ్చు గదా మామా," అన్నాడు పెనం దగ్గర గరిట తిప్పుతున్నవాడు.

"నడిచెల్తే గుండు తగులుతాది గదరా! ఇను. ఆ ఎనకాల ఫ్రాన్సోడు సిన్నది సేసేడు. ఇద్దరే పట్టేవోరు. కానీ నెత్తి మీద తిరిగే గుమ్మటం పెట్టేడు. ఆ రోజు నుంచి ఈ రోజు దాకా ఆ వంశంలో అందరిదీ అదే పోలిక. రెండో యుద్ధానికి రష్యావోడు ముందు రేకుని ఏటవాలుగా పెట్టేడు, తగిలిన గుండు జారిపోవాలని. ఈ పాక మీద వాన జారదేటి, అలాగ. నాను తోలినవి ఆ రష్యావోడి మనవలే."

ఇంకొకరు అసలు సందేహం అడిగారు. అంత గోలలో ఫ్రాన్సువాడి బండిలోని ఆ ఇద్దరూ మాట్లాడుకునేది ఎలాగని. బావ ముఖం వెలిగిపోయింది. ఆయనకి వంశమంతటిలోకీ ఇష్టమైన ఘట్టం అదే.

"మాట ఎక్కడ ఇనపడతాది? డ్రైవరు ముందు, కింద. కమాండరు ఎనకాల, పైన. అందుకని కాలితో సెప్పేవోడు. ఈపు మీద తంతే ఎల్లు. ఎడం భుజం తంతే ఎడమకి. కుడి భుజమైతే కుడికి. తల మీద కాలెడితే ఆగు."

"ఇదేం అమర్యాద బావా, తల మీద కాలు పెట్టడం!" అన్నాను నేను.

"మర్యాద సంగతి కాదు బావా. డ్రైవరుకి సిన్న సందులోంచి కొంచివే కనపడతాది. మిగతా లోకవంతా ఎనకాలోడి కళ్లే. అందుకే ఎందుకని అడక్కూడదు. ఆగమని సెప్పేదాకా ఆగకూడదు." తన కాలానికి చెవులకి తగిలించుకునే ఫోన్లు వచ్చేశాయని, అయినా తనకి ఆ తన్నులే నచ్చాయని నవ్వాడు.

నచ్చడమేమిటి, వాటిని ఇంటికే తెచ్చుకున్నాడు. చెవులు పూర్తిగా పోయాక స్కూటరు మీద వెనక కూర్చున్న మా అక్క మాట ఆయనకి చేరేది కాదు. పాపం ఆవిడ అరిచి అరిచి గొంతు పోగొట్టుకుంటే, ఒకరోజు ఆ ఫ్రాన్సువాడి విద్య నేర్పాడు. కాలికి బదులు చెయ్యి, అంతే తేడా. వీపు తడితే వెళ్లు, ఎడం భుజం, కుడి భుజం, హెల్మెట్టు మీద అరచెయ్యి ఆనిస్తే ఆగు. స్టేషను రోడ్డులో జనమంతా చూసి నవ్వుకునేవారు. అక్క మొదట్లో సిగ్గుతో చచ్చిపోయేది. తర్వాత్తర్వాత ఆ చేతిలో ఒక దర్జా వచ్చేసింది. నేను ఎదురుపడినా పలకరించకుండా, ముందుకే చూస్తూ భుజం మీద చేత్తో వెళ్లిపోయేది.

ఒకసారి స్కూటరు బెల్లం మార్కెట్టు గేటు ముందుకు వచ్చేసరికి ఆవిడకి బావ ఎడం భుజం మీద ఎండిన చెరకాకు ముక్క కనబడితే దులిపింది. బావ తక్షణం ఎడమకి తిప్పాడు. గేటు దాటి, గోతాల మీద పరిచిన బెల్లం దిమ్మల మధ్యకి, కేకలు పెడుతున్న షావుకార్ల మధ్యకి, నిదానంగా, ఏ తొణుకూ లేకుండా నడిపేశాడు. అక్క గాభరాలో తల మీద చెయ్యి వేసేటప్పటికి ఒక దిమ్మ చితికిపోయింది. "కళ్లు కనపడవేటి మీకు! ఇందులోకి ఎందుకు తిప్పేరు?" అని అక్క ఏడుపు మొహం పెట్టింది. బావ ఆవిడ పెదాల కదలిక చూసి అర్థం చేసుకుని శాంతంగా అన్నాడు, "నువ్వు సెప్పేవు. నాను తిప్పేను." ఆ దిమ్మని మేమే తెచ్చుకున్నాం. ఆ వేసవంతా మా ఇళ్లల్లో పానకమే.

ఎంతమంది దంపతులు ఒకరి మాట ఒకరు ఇంత వింటారు? చెవులు బాగా పనిచేసే మేము మాత్రం ఏం విన్నాం?

ఈమధ్య ఆయనకి ఫోనులో యుద్ధాల వీడియోలు చూసే పిచ్చి పట్టింది. శబ్దం ఎలాగూ అక్కర్లేదు. అరచేతిలో పట్టేంత డ్రోను పైనుంచి దిగుతుంది. కింద ట్యాంకు తన దారిన పోతూ ఉంటుంది. తర్వాత పొగ. చూసిందే మళ్లీ చూసేవాడు. అక్క ఫోను లాక్కున్నా మళ్లీ అడిగి తీసుకునేవాడు. "ఎప్పుడూ ట్యాంకు పనైపోయిందనే అంటారు బావా," అని ఒకరోజు చెప్పాడు. "ఫిరంగులు ఒచ్చినప్పుడూ అన్నారు, రాకెట్లు ఒచ్చినప్పుడూ అన్నారు. ప్రతిసారీ రేకు మందం సేసుకుని ఎదురు నిలబడింది. కానీ బలవంతా ముందుకే పెట్టేరు. పైన పల్చన." ఇప్పుడు పాపం వాళ్లు ట్యాంకుల నెత్తిన ఇనుప జాలీలు కట్టుకుంటున్నారని చూపించాడు. మా పల్లెలో కోళ్లకి కట్టే గూడులా ఉంది. నేను నవ్వాను. ఆయన నవ్వలేదు. "డ్రైవరుకి పైన ఏటుందో కనపడదు. ఎనకాలోడికీ కనపడదు. మరి ఎవరు సెప్తారు?" అన్నాడు. ఏదో శ్లోకం చెప్పి తప్పించుకుందామంటే ఏదీ గుర్తు రాలేదు.

దెబ్బ ఆయనకీ పైనుంచే తగిలింది. భోజనం చేస్తూ చేస్తూ పక్కకి ఒరిగిపోయాడు. మెదడులో నరం చిట్లిందన్నారు. విశాఖ ఆసుపత్రికి తీసుకుపోయాం. కుడి పక్క పూర్తిగా చచ్చుబడింది, మాట పోయింది. ఎడం కాలు ఒక్కటే ఆగకుండా మంచం చివరి పట్టీని నొక్కుతూ, వదులుతూ, మళ్లీ నొక్కుతూ ఉండేది. నరాల వణుకేమో అన్నారు నర్సులు. అక్క చూసి, "క్లచ్చి తొక్కుతన్నారు" అంది. ఆవిడ ఎడం భుజం తట్టింది. ఆయన మొహం నెమ్మదిగా ఎడమకి తిరిగింది. ఆ ఒక్క కదలిక కోసం ఆవిడ రోజంతా అక్కడే నిలబడేది. కుడి భుజం తడితే ఏమీ ఉండేది కాదు. అయినా తట్టేది.

చూడవచ్చిన బంధువులు మన అలవాటు ప్రకారం జాలితో తల నిమరబోయేవారు. అక్క ఆడపులిలా మీదికి వచ్చేది. "తల మీద సెయ్యెయ్యకండి!" నర్సు దువ్వెన తెస్తే చేతిలోంచి లాక్కుంది. నుదుట నూకాలమ్మ గుడి బొట్టు పెట్టడానికి వచ్చిన పెద్దావిణ్ణి కూడా ఆపేసింది. దుఃఖంతో మతి చలించిందని గుసగుసలు పోయారు. నాకు మాత్రం అర్థమైంది. అర్థమయ్యాక ఆ గదిలో నిలబడలేక బయటకి వచ్చేశాను.

వైద్యుడు నన్ను పక్కకి పిలిచి, ఇక చేయగలిగింది లేదని, ఇంటికి తీసుకుపోతే మంచిదని, ఆ మాట ఆవిడకి మీరే చెప్పాలని అన్నాడు. నేను చెప్పాను. ఎలా చెప్పానో నాకే తెలియదు. అక్క నా మొహం చూడలేదు. "ఆగమని నానెలా సెప్తాన్రా తమ్ముడూ?" అంది. "నాను సెప్పేదాకా ఆగడ్రా ఆయన. మరి నాను సెప్పకపోతే?" అంతటి ఆశకి ఏ పండితుడు బదులు చెబుతాడు? పట్టుకోవడానికి ఆవిడ చెయ్యి కూడా ఖాళీ లేదు. ఆయన భుజం మీద ఉంది.

ఇంటికి తెచ్చాం. వసారాలో మంచం వేశాం. శ్వాస గొంతులో గురగురలాడుతోంది. ఎడం కాలు నొక్కుతూనే ఉంది, మడమ దగ్గర చర్మం ఒరుసుకుపోయి ఎర్రబడింది. అక్క ఆ మడమకి వెన్న రాసింది. మళ్లీ ఒరుసుకుంది. సాయంత్రం ఎండ వసారాలోకి వాలుతున్నప్పుడు నన్ను అడిగింది, "అలిసిపోయేడంటావా?" తల వంచుకున్నాను.

ఆవిడ లేచి పీట జరుపుకుని ఆయన తల వెనక కూర్చుంది. స్కూటరు మీద తన చోటు అదే. కాసేపు రెండు చేతులూ ఒడిలోనే ఉంచుకుంది. తర్వాత కుడి అరచెయ్యి ఆయన నడినెత్తిన ఆనించింది. ముందు కాలు ఆగింది. తర్వాత ఊపిరి కాస్త నిమ్మళించింది. ఇంకాసేపటికి అది కూడా ఆగింది. అక్క చెయ్యి తియ్యలేదు. "సెప్పేను. ఆపేసేడు," అంది. "ఎందుకని అడగనేదురా."

ఆయన కీర్తిశేషుడయ్యాడని రాయడం నా వృత్తిధర్మం. పతకాలూ పెద్ద పదవులూ లేని ఆ మనిషికి కీర్తి ఎంత మిగిలిందో నాకు తెలియదు. కనిపించే కాస్త దారినీ చూసుకుంటూ, కనిపించని లోకమంతా వెనక ఉన్న మనిషి చేతికి వదిలేసి జీవించిన అటువంటి విశ్వాసిని నేను మరొకణ్ణి చూడలేదు. ఇక చూడబోను. బావా, నీ పాదాలకి నమస్కారం. మరీ ముఖ్యంగా ఆ ఎడమ పాదానికి.

పెద్దకర్మ అయ్యాక పెన్షను ఆఫీసులో అక్క సంతకం కావాలన్నారు. ఆయన స్కూటరే తీశాను. అక్క వెనక కూర్చుంది. బెల్లం మార్కెట్టు దాటి నాలుగు రోడ్ల దగ్గరకి వచ్చేసరికి నా ఎడం భుజం మీద చెయ్యి పడింది. మెత్తగా, అలవాటుగా, ఒక్కసారి.

నేను బ్రేకు వేసి వెనక్కి తిరిగి, "ఏమిటక్కా, ఎటు?" అని అడిగాను.

అక్క చెయ్యి తీసేసుకుంది. "ఏటీ నేదురా, ఎల్లు," అంది. దారి పొడుగునా ఆ చెయ్యి మళ్లీ నా భుజం మీద పడలేదు.